ఏన్కూరు అడవిలో నేను కొట్టిన రాయి

సుజాత ఉత్తరం ఫిబ్రవరి నెలాఖరున వచ్చింది. ఇన్‌లాండ్ కవరులో ఆరే ఆరు వాక్యాలు. "సార్, మీరు డెబ్భై నాలుగులో ఏన్కూరు అడవిలో గుర్తించిన చోటు నాకు దొరకడం లేదు. రెండు సీజన్లు వెతికాను. మే నెలలో థీసిస్ ఇవ్వాలి. మూడో అధ్యాయమంతా ఆ చోటు మీదే ఉంది. రాసేముందు మీరొక్కసారి వచ్చి చూస్తే బాగుంటుంది. ఇబ్బంది పెడుతున్నందుకు క్షమించండి."

చదవగానే నాకు ఒళ్ళు మండింది. నేను ప్రభుత్వ ఉద్యోగంలో ఉన్న భూగర్భ శాస్త్రవేత్తను. ముప్పై ఏళ్ళుగా తెలంగాణ అడవుల్లో పాత రాళ్ళు వెతకడమే నా పని. ఇంకో ఏడాదిలో రిటైరవుతాను. సుజాత యూనివర్సిటీలో పరిశోధన చేస్తున్న అమ్మాయి, ఊరు మధిర. నేను గీసిన పాత మ్యాపు పట్టుకుని ఆ ప్రాంతాన్నే మళ్ళీ చూస్తోంది. "ఈ కాలం వాళ్ళకు కాళ్ళు నొప్పెడితే చాలు, కొండలు మాయమైపోతాయి" అని మా ఆవిడ దగ్గర విసుక్కున్నాను. "కళ్ళజోడు నెత్తిన పెట్టుకుని ఇల్లంతా వెతికేది మీరు, ఆ పిల్ల కాదు. వెళ్ళి చూసి రండి" అందావిడ.

అసలు ఆ చోటు సంగతేమిటో ముందు చెప్పాలి. పద్నాలుగేళ్ళ కిందట, జూలై నెలలో, అక్కడ ఒక సున్నపురాయి అంచు నుంచి రెండు పిడికిళ్ళంత ముక్క కొట్టి తెచ్చాను. కోసి చూస్తే లోపల క్యాబేజీని అడ్డంగా కోసినట్టు పొర మీద పొర. వంద కోట్ల ఏళ్ళకు పైబడిన కాలంలో అక్కడ లోతులేని సముద్రం ఉండేది. అందులో బతికిన పాచి వేసిన పొరలవి. పాచి అంటే తేలిగ్గా తీసుకోకండి. ఎండనూ నీళ్ళనూ తిని ఊపిరి వదిలింది ఆ పాచే. మనం పీల్చే గాలి అలా మొదలైంది. ఆ తర్వాత రెండేళ్ళకు అమెరికా వాళ్ళ యంత్రం అంగారకుడి మీద దిగి ప్రాణం కోసం మట్టి తవ్వింది. దాంతో నా రాయికీ గిరాకీ వచ్చింది. కాలేజీల్లో, సభల్లో నన్ను పిలిచేవారు. రాయిని చేత్తో పైకెత్తి, ఒక గ్రహం బతకడానికి పనికొస్తుందా లేదా అన్నది ఆకాశాన్ని కాదు, ముందు ఈ రాయిని అడగండి అనేవాణ్ణి. చప్పట్లు కొట్టేవారు. అబద్ధమెందుకు, ఆ చప్పట్లు నాకు ఇష్టంగానే ఉండేవి.

మ్యాపులో ఆ చోట పొరలు నిట్టనిలువుగా లేచి ఉన్నాయని రాశాను. దాన్నిబట్టే అక్కడ నేల మడత పడిందని తేల్చాను. మ్యాపు అచ్చయింది. ఇప్పుడా చోటు లేదంటే, సుజాత అధ్యాయం నిలవదు, లేదా నా మాట నిలవదు. రెండూ ఒకేసారి నిలిచే దారి లేదు. బీరువాలోంచి ఆ ముక్క తీసి, గుడ్డసంచిలో సుత్తి పక్కన పెట్టుకుని బయలుదేరాను.

మార్చి రెండో వారం, మంగళవారం. సికింద్రాబాదులో ఉదయం ఆరుంబావుకు బండి. రెండో తరగతిలో కిటికీ పక్కన చోటు దొరికింది. టికెట్టు ధరలు నేను రాసేలోపే మారిపోతాయి కాబట్టి రాయను. కాజీపేటలో ఇడ్లీ తిన్నాను, చట్నీ పులిసిపోయింది. వరంగల్లులో ఒక పెద్దావిడ ఎక్కి నా ఎదుట కూర్చుంది. భద్రాచలం మొక్కు తీర్చుకోవడానికి పోతున్నదట. ఖమ్మంలో దిగితే అక్కడ అల్లుడు బస్సెక్కిస్తాడట. నా సంచి వైపు చూసి అందులో ఏముందని అడిగింది. అడిగిందే చాలని నేను రాయి తీసి చేతికిచ్చి సముద్రం, పాచి, గాలి అంతా చెప్పాను. ఆవిడ ఓపిగ్గా విన్నది. బొటనవేలితో పొరలు తడిమి, రాయిని కళ్ళకద్దుకుంది.

"ఎవల గుడిది బిడ్డా?"

ఎవరిదీ కాదమ్మా, అడవిలోది అన్నాను.

"ఎవలదో ఒకలది అయ్యుంటది" అని రాయి తిరిగి ఇచ్చేసి, కొంగు ముడి విప్పి వక్క నోట్లో వేసుకుంది. పెద్దవాళ్ళ మాట అనుకుని నవ్వి ఊరుకున్నాను.

పదీ నలభైకి ఖమ్మం. బస్టాండులో కొత్తగూడెం మీదుగా భద్రాచలం పోయే బస్సు పదకొండున్నరకు దొరికింది. వైరా, తల్లాడ దాటేదాకా రోడ్డు పక్కన కళ్ళాల్లో మిర్చి ఎర్రగా ఆరబోసి ఉంది. బస్సులో అందరం ఒకటే తుమ్ములు. కండక్టరు తువ్వాలు ముక్కుకు కట్టుకుని టికెట్లు కొట్టాడు. మీరెవరైనా మార్చిలో ఈ దారిన పోతే తడిగుడ్డ ఒకటి దగ్గర పెట్టుకోండి. ఒంటిగంటా ఇరవైకి ఏన్కూరులో దిగాను.

సుజాత బస్సు ఆగేచోటే నిలబడి ఉంది. ఎండకు మొహం కమిలిపోయింది. పాతికేళ్ళ పిల్ల, మగవాళ్ళ చొక్కా, కాన్వాసు బూట్లు, మెడలో భూతద్దం. ప్రయాణం ఎలా జరిగిందని అడిగింది తప్ప పని సంగతి ఎత్తలేదు. నేనూ ఎత్తలేదు. ఇద్దరం ఖాసిం భాయ్ హోటల్లో భోజనానికి కూర్చున్నాం. ఖాసిం భాయ్ తాతల కాలం నుంచి ఏన్కూరులోనే ఉన్నాడు. వాళ్ళ నాయన గూడేలకు బట్టల మూట మోసేవాడు. ఈయన హోటలు నడుపుతూ చింతపండు, ఇప్పపూలు కొంటాడు. మేం పోయే గూడెం పేరు చెప్పగానే అక్కడి సరుకంతా తన దుకాణానికే వస్తుందన్నాడు. అక్కడ ఇద్దరు అన్నదమ్ములున్నారని, తమ్ముడు వచ్చిన వారం అన్న రాడని, అన్న వచ్చిన వారం తమ్ముడు రాడని, పద్నాలుగేండ్ల నుంచీ ఇదే వరసని చెప్పాడు. సుజాత తల వంచుకుని పప్పన్నం కలుపుతూ ఉండిపోయింది.

ఏన్కూరులో లాడ్జి లేదు. కావాలంటే కొత్తగూడెం పోవాలి. హైస్కూలు మాస్టారొకరు సెలవు మీద ఊరెళ్ళారు. ఆయన గది నాకు ఇప్పించింది సుజాత. నులక మంచం, మట్టి కూజా, బావి నీళ్ళు. సాయంత్రం గదిలో ఆమె తన మ్యాపు పరిచి చూపించింది. చాలా శుభ్రమైన పని. అడుగడుగునా పొరల వాలు కొలిచి రాసింది. అన్నిచోట్లా పొరలు చాప పరిచినట్టు మెల్లగా తూర్పుకు వాలి ఉన్నాయి. నడుమ నా ఒక్క చోటే నిట్టనిలువు గీత, తెల్లచొక్కా మీద సిరా మరకలాగా.

"మీ ఆఫీసులో దాచిన మీ పాత నోట్‌బుక్కులో ఉన్న కొలతల ప్రకారం చోటు దొరికింది సార్" అంది.

మరి ఉత్తరంలో దొరకలేదని ఎందుకు రాశావని గట్టిగానే అడిగాను. రేపు మీరే చూద్దురుగాని అంది. మ్యాపు చుట్టేసింది.

బుధవారం పొద్దున ఆరున్నర బస్సెక్కి జూలూరుపాడు దారిలో ఒక మట్టిబాట దగ్గర దిగాం. అక్కడి నుంచి గంటన్నర నడక. మోదుగులు పూశాయి. గడ్డి కాలిపోయి నేల నల్లగా, బోడిగా ఉంది. చెట్ల కింద ఆడవాళ్ళు గంపలతో ఇప్పపూలు ఏరుకుంటున్నారు. డెబ్భై నాలుగులో నేను వచ్చింది వానల్లో. జీపు వాగులో దిగబడింది. డ్రైవరును దాని దగ్గరే వదిలి ఒక్కణ్ణే నడిచాను. నడుములోతు గడ్డి, మబ్బు, ఎప్పుడు వాగు పొంగుతుందోనన్న తొందర. అదంతా సుజాతకు చెబుతూ నడిచాను. ఆమె ఊ కొడుతూ వచ్చింది.

ఎనిమిదిన్నరకు చోటు చేరాం. చూడగానే గుర్తుపట్టాను. బాటకు పక్కగా మద్దిచెట్ల నడుమ ఒకే వరసలో మూడు సున్నపురాతి పలకలు నేలలోంచి నిలువుగా లేచి ఉన్నాయి. నడిమిది నా ఛాతీ ఎత్తు ఉంటుంది. దాని కుడి భుజం విరిగి ఉంది. నేను కొట్టిన చోటే. "ఇదిగో, దొరకలేదంటివి!" అన్నాను.

సుజాత వంగింది. రాయి మొదట్లోకి వేలు చూపించింది.

అప్పుడు గడ్డి దాచింది ఇప్పుడు కనబడింది. మూడు పలకల మొదట్లోనూ గులకరాళ్ళు దట్టించి ఉన్నాయి, గుంజ పాతి చుట్టూ రాళ్ళు కొట్టినట్టు. వాటి ముందు పగిలిన కుండ పెంకులు, ఎండిన పసుపు. నడిమి రాయి పాదం దగ్గర ఇప్పపూలు పిడికెడు, ఆ పొద్దున పెట్టినవే, ఇంకా వాడలేదు.

అవి నేలలోంచి లేచిన పొరలు కావు. మనుషులు ఎక్కడి నుంచో మోసుకొచ్చి నిలబెట్టిన రాళ్ళు. చనిపోయిన పెద్దల రాళ్ళు. అటువైపు కోయగూడేల్లో ఇంటిపెద్ద పోతే బంధువులంతా కలిసి ఇలా రాయి నిలుపుతారని ముప్పై ఏళ్ళు ఆ అడవుల్లో తిరిగిన నాకు తెలియక కాదు. రాళ్ళు చదివే మా వాళ్ళకొక జబ్బుంది. నిలువు పొరలు నేల చీల్చుకుని వరసగా పైకి వచ్చి ఎన్నోచోట్ల కనిపిస్తాయి. కంటికి అలవాటైపోతుంది. దిక్సూచి తీసి దిశ రాశాను, వాలు నిలువు అని రాశాను, సుత్తి తీశాను. మొదట్లోకి ఒక్కసారి వంగి చూడలేదు. అక్కడే నేల మీద కూర్చున్నాను.

సుజాత మెల్లగా మిగతాది చెప్పింది. నడిమి రాయి ఆ గూడెంలో గంగమ్మ అనే ముసలావిడ భర్తది. ఆయన పోయిన మరుసటి ఎండాకాలంలో, డెబ్భై నాలుగులోనే, రాయి నిలిపారు. రాయి ఎక్కడ పడితే అక్కడిది తేకూడదు. ఇంటి పెద్దకొడుకు ఒక్కడే అడవిలోకి వెళ్ళి ఎంచాలి. ఎంచాక బంధువులు మోస్తారు. పెద్దకొడుకు లచ్చయ్య ఎంచి తెచ్చిన రాయి అది. మూడు నెలలు తిరక్కుండానే, వానల్లో, దాని భుజం విరిగిపడింది. ఎవరూ ముట్టింది లేదు, పిడుగు పడింది లేదు. జల్దీ పని కావాలని లచ్చయ్య ఏదో పుచ్చురాయి తెచ్చాడని, తండ్రి ఆ రాయిని ఒప్పుకోలేదని తల్లి నమ్మింది. గూడెమంతా నమ్మింది. లచ్చయ్య తెచ్చింది ఆ ఇంట్లో ఎవరూ తినరు, ఆ ఇంట్లో ఆయనకు పెట్టరు. ఆయన వాగు అవతలికి పోయి ఇల్లు వేసుకున్నాడు.

"రాయి ఎక్కడిదో ఎంచినవాడే చెప్పాలట సార్, మోసినవాళ్ళు చెప్పరు. వాగు దాటి రెండుసార్లు పోయి అడిగాను. ఆ రాయి మాట ఎత్తితే లేచి లోపలికి పోయాడు. మీ నోట్‌బుక్కులో తేదీ చూశాక నాకు అర్థమైంది. ఎవరికీ చెప్పలేదు. మీరు లేకుండా నేను చెప్పడం బాగుండదనిపించింది."

ఇంకో మాట కూడా చెప్పింది, నా మొహం చూడకుండా. యూనివర్సిటీలో ఆమె గైడు ఒక దారి సూచించాడట. రోడ్డు పనుల్లో ఆ చోటు పూడిపోయిందని ఒక వాక్యం రాసేస్తే సరి. పెద్దాయన రిటైరయ్యే ముందు పరువు పోకుండా ఉంటుంది, ఆమెకూ డిగ్రీ వస్తుంది. ఎవరు వచ్చి చూస్తారు?

మీకు నిజం చెప్పాలి. ఆ వాక్యం నాకు ముద్దొచ్చింది. మద్దిచెట్టు కింద కూర్చుని గంటసేపు దాన్నే తిప్పి తిప్పి చూసుకున్నాను. నా మ్యాపు, నా సభలు, నా చప్పట్లు. ఒక్క ఏడాది ఓపిక పడితే నేను ఇంట్లో, మ్యాపు బీరువాలో. ఎవరికీ నష్టం లేదనుకోబోయాను. పాదం దగ్గరి ఇప్పపూలు చూసి అనుకోలేకపోయాను. వాగు అవతల ఒక మనిషి పద్నాలుగేళ్ళుగా నా సుత్తి దెబ్బ మోస్తున్నాడు. ఒక గ్రహం మీద ప్రాణం నిలవాలంటే ఏమేం కావాలో సభల్లో చెప్పిన నేను, ఒక ఇంట్లో ఏం పోగొట్టానో చూసుకోలేదు. నాకు సిగ్గేసింది. లేచి, వాళ్ళింటికి దారి చూపించమన్నాను.

గూడెం ఎంత దూరమనుకున్నారు? పది నిమిషాల నడక. ఆ రోజు గడ్డిలోంచి తల ఎత్తి చూస్తే పొగ కనిపించి ఉండేది.

గంగమ్మ వాకిట్లో చాప మీద ఇప్పపూలు ఆరబోస్తోంది. చిన్న మనిషి, వంగిన నడుము, కళ్ళు మాత్రం చురుకు. చిన్నకొడుకు ముత్తయ్య ఫారెస్టులో వాచర్ ఉద్యోగం చేస్తాడు. ఖాకీ చొక్కా వేసుకుని బయలుదేరబోతూ సుజాతను చూసి ఆగాడు. మంచం వాల్చి కూర్చోమన్నాడు. నేను కూర్చోలేదు. ముసలావిడకు తెలుగు కొంచెం తడబాటు అని, ఆమెకు అర్థంకానిచోట ముత్తయ్యే వాళ్ళ కోయమాటలో చెప్పాడు. సంచిలోంచి ముక్క తీసి చాప అంచున పెట్టాను. ఎవరినో, ఎప్పుడు వచ్చానో, ఏం చేశానో చెప్పాను. రాయి దానంతటది విరగలేదమ్మా, నేనే కొట్టాను అన్నాను.

ముత్తయ్య అది తల్లికి చెప్పలేదు. చెప్పక్కర్లేకపోయింది. ఆమె ముక్కను చేతిలోకి తీసుకుంది. అటూ ఇటూ తిప్పి చూసింది.

"సుత్తితోనా?" అంది చివరికి.

"సుత్తితోనేనమ్మా."

"ఒక్క దెబ్బకే ఇరిగిందా?"

ఆ ప్రశ్న ఎందుకో నాకు అప్పుడు తెలియలేదు. ఉన్నదున్నట్టు చెప్పాను. "లేదమ్మా. ఏడెనిమిది దెబ్బలు కొట్టాల్సి వచ్చింది. చేయి తిమ్మిరెక్కింది. చాలా గట్టి రాయి."

ఆమె కొడుకు వైపు చూసింది. ముత్తయ్య మళ్ళీ వాళ్ళ మాటలో చెప్పాడు. ఈసారి మెల్లగా, ప్రతి మాటా విడదీసి. ఆమె తల ఊపింది.

"పుచ్చు రాయి కాదా?"

"కాదమ్మా. ముప్పై ఏళ్ళలో అంత మంచి రాయి నేను కొన్నే చూశాను. ఎంచినవాడు బాగా చూసి ఎంచాడు."

ఆమె ముక్కను ఒళ్ళో పెట్టుకుని నన్ను తేరిపార చూసింది. ఆ చూపు కింద నా చదువూ ఉద్యోగమూ ఎటు పోయాయో తెలియలేదు. "ఊరు ఈడనే ఉంది గద. ఒక్క మాట అడగరాదా, ఇది ఎవలదని?" అంది. కోపం లేదు గొంతులో. ఉంటే బాగుండేది. వాన, తొందర, గడ్డి, ఇవన్నీ జవాబులు కావు.

తర్వాత ఆమె ముత్తయ్యతో ఒకే మాట అంది, అది మా కోసం కాదు కాబట్టి కోయలో. కానీ అందులో అన్న పేరుంది. ముత్తయ్య డ్యూటీ మాట మరిచి, చెప్పులు కూడా వేసుకోకుండా వాగు వైపు వెళ్ళాడు.

పన్నెండు దాటాక అన్నదమ్ములిద్దరూ వచ్చారు. లచ్చయ్యకు యాభై దాటి ఉంటాయి. బలమైన మనిషి, తల నెరిసింది. వాకిలి బయటే నిలబడ్డాడు. దారిలో తమ్ముడు అంతా చెప్పి ఉంటాడు. ఆయన నా వైపు ఒక్కసారే చూశాడు. తల్లి ముక్కను అందించింది. తీసుకుని ఆయన నేరుగా రాళ్ళ దగ్గరికి నడిచాడు, మేమంతా వెనక. విరిగిన భుజం మీద ముక్కను ఆనించాడు. అంచులు కలిశాయి, నడుమ ఒక వేలెడు సందు తప్ప. సందు ఎందుకని అడిగాడు. సూక్ష్మదర్శిని కింద చూడడానికి ఆ మేర పలుచగా కోసి అరగదీశామని చెప్పాను. ఆయన ఆ సందులో వేలు పెట్టి చూసుకున్నాడు. అప్పుడు ఏడ్చాడు. నిలబడే, రాయిని పట్టుకునే, చప్పుడు లేకుండా. నేను చెట్లవైపు తిరిగాను.

తిరిగి ఇల్లు చేరేసరికి ఒంటిగంట. గంగమ్మ ఇంట్లో ఆకు వేసింది. దాన్లో జొన్న అన్నం, చింతపులుసు పెట్టి, లచ్చయ్యను చూసి గడప చూపించింది. ఆయన గడప లోపలికి వచ్చి కూర్చున్నాడు. ఆమె ఎదురుగా కూర్చుని ఆయన తినేదాకా చూసింది. సుజాతకు వేరే ఆకులో పెట్టారు. నాకు ఆ ఇంట్లో మంచినీళ్ళు కూడా ఇవ్వలేదు. నేను నొచ్చుకోలేదు. నా సీసాలో నీళ్ళున్నాయి, అవి తాగాను.

రెండు గంటలకు లచ్చయ్య తనంతట తనే సుజాతతో అన్నాడు. "రా బిడ్డా, నీకు గావలసింది చూపిస్త. మస్తు దూరం. నడుస్తవా?" నన్ను రమ్మనలేదు, వద్దనీ అనలేదు. నేను వెనక నడిచాను.

వాగు పట్టుకుని పైకి ఒకటిన్నర గంట నడిచాం. ఆయన దారిలో ఒకచోట ఆగి, ఇక్కడ మోతగాళ్ళు భుజం మార్చుకున్నారని చూపించాడు. రాయిని మధ్యలో నేల దించలేదట. నాలుగు చోట్ల భుజం మార్చుకున్నారు, నాలుగూ ఆయనకు గుర్తే. వాగు వంపు తిరిగిన చోట అవతలి గట్టు నిలువున కోసుకుపోయి ఉంది. సుజాత చూసి గబగబా నీళ్ళలోకి దిగింది.

గట్టు పొడవునా పాచి పొరలు. ముక్కలు కావు, పలకలు కావు. బోర్లించిన బుట్టల్లా ఒకదాని పక్కన ఒకటి, ఒకదాని మీద ఒకటి, వంపు పైకే ఉండి, ఎక్కడ పుట్టినవి అక్కడే. మెల్లగా తూర్పుకు వాలి ఉన్నాయి, సుజాత మ్యాపులో ఉన్నట్టే. మడత లేదు. నిలువు లేదు. నేను తప్పు, ఆ పిల్ల ఒప్పు. ఆ పొరల మీద పాత గునపం గుర్తులు కూడా ఉన్నాయి, లచ్చయ్య తండ్రి కోసం పలక లేపిన చోటు.

నేను ఒడ్డున కూర్చుని చూస్తూ ఉండిపోయాను. ఈ పాచి ఎవరి కోసమూ బతకలేదు. తన పొర వేసుకుని, దాని మీద ఇంకో పొర వేసుకుని, లెక్కలేనన్ని ఏళ్ళు అదే పని చేసి పోయింది. అది వదిలిన ఊపిరే ఈ అడవి పీలుస్తోంది, లచ్చయ్య పీలుస్తున్నాడు, నేను పీలుస్తున్నాను. ఎర్రగ్రహం మీద ఇలాంటి గట్టు ఒకటి దొరుకుతుందా అని నేను పదేళ్ళు ఉపన్యాసాలిచ్చాను. నిజమైన గట్టు ఇక్కడ ఉంది. నాకు చూపించగలిగిన మనిషి ఇక్కడే ఉన్నాడు, నావల్లే నోరు మూసుకుని.

సుజాత సుత్తి తీసింది. తీసి ఆగింది. ఒడ్డున చుట్ట ముట్టించుకుంటున్న లచ్చయ్య వైపు తిరిగి, ఒక ముక్క కొట్టుకోవచ్చా అని అడిగింది. ఆయన చుట్ట నోట్లోంచి తీశాడు.

"ఈడ కొట్టుకో. ఇది ఎవలదీ కాదు ఇంకా. నేను పోయినంక నా పెద్దోడు వస్తడు గద, గా మూలది మాత్రం ముట్టకు."

ఆ మూల మంచి పలక ఉంది, నేను చూశాను. సుజాత దానికి దూరంగా వెళ్ళి, చిన్న ముక్క, నిజంగా చిన్నది, కొట్టుకుంది. తన పుస్తకంలో రాసుకుంది. చోటు చూపించినవారు అని రాసి లచ్చయ్య పేరు రాసింది. నా ముప్పై ఏళ్ళ పుస్తకాల్లో అలాంటి గడి ఒక్కటి లేదు.

చీకటిపడ్డాక ఏడున్నర బస్సుకు రోడ్డెక్కాం. మర్నాడు గురువారం, ఖాసిం భాయ్ దగ్గర చాయ్ తాగి, ఎనిమిది బస్సుకు ఖమ్మం బయలుదేరాను. రాబోయే వారం అన్నదమ్ములిద్దరూ ఒకే బండి మీద సరుకు తేవచ్చని చెప్పాను. "అచ్ఛా?" అని గ్లాసు తుడవడం ఆపి నా వైపు చూశాడు. బస్సు కదులుతుంటే సుజాత కిటికీ దగ్గరికి వచ్చి, మూడో అధ్యాయంలో ఏం రాయమంటారు సార్ అని అడిగింది. చూసింది చూసినట్టు రాయమన్నాను. నా పేరు పెట్టి, నేను తప్పు చేశానని రాయమన్నాను. ఆమె ఒప్పుకోవడానికి ఇష్టపడలేదు. మందలించి ఒప్పించాను.

ఖమ్మంలో పదకొండు గంటల బండి దొరికింది. ఒళ్ళో పుస్తకం పెట్టుకుని మ్యాపు అచ్చువేసిన వాళ్ళకు సవరణ రాశాను. నాలుగు వాక్యాలు రాయడానికి డోర్నకల్ దాకా పట్టింది. మీరెవరైనా నా తర్వాత ఆ అడవికి వెళ్తే, నీళ్ళు తీసుకెళ్ళండి, గొడుగు తీసుకెళ్ళండి, మార్చి దాటాక వెళ్ళకండి. నిలబడి ఉన్న రాయి కనిపిస్తే మొదట్లోకి వంగి చూడండి. ఆ తర్వాత ఊళ్ళోకి పోయి అడగండి. అడగడానికి పది నిమిషాలు పడుతుంది.

డోర్నకల్‌లో ఒకాయన ఎక్కాడు, విత్తనాల వ్యాపారం. నా బూట్లకంటిన అడవి మట్టి చూసి, ఏ పని మీద పోయి వస్తున్నారని అడిగాడు. వెళ్ళేటప్పుడయితే సంచిలో చెయ్యి పెట్టేవాణ్ణి. ఇప్పుడందులో సుత్తి ఒక్కటే ఉంది.

"ఒక ఇంట్లో తప్పు ఒప్పుకోవడానికి పోయాను" అన్నాను.

ఆయన కొంచెం సర్దుకుని కూర్చున్నాడు. "ఒప్పుకున్నరా మరి?"

"ఒప్పుకున్నాను."

"ఏమన్నరు వాళ్ళు?"

బండి కదిలింది. "వాళ్ళ పెద్దకొడుక్కి అన్నం పెట్టారు" అన్నాను.